కృష్ణవేణి: పరిచయం చేసినావిడ మాత్రమేనా?

2025 ఫిబ్రవరి 16న చిత్తజల్లు కృష్ణవేణి గారు నూరేళ్ళు నిండిన జీవితాన్ని చాలించారు. నాటి నివాళులలో చాలావాటికి శీర్షిక ఒక్కటే: ఎన్.టి.రామారావును తెరకు పరిచయం చేసిన నిర్మాత. మాట నిజమే. కానీ ఒక నటి జీవితకాలపు కృషిని మరొకరి తొలి అడుగుతో కొలవటం న్యాయం కాదని నా అభిప్రాయం.

పశ్చిమ గోదావరి ప్రాంతపు పంగిడిలో 1924లో పుట్టిన ఆమె, సి.పుల్లయ్య గారు పిల్లలతో తీసిన 'సతీ అనసూయ' (1936)లో అనసూయ వేషం ధరించారు. నేపథ్యగానం ఇంకా స్థిరపడని రోజులవి. తన పాట తానే పాడుకోగల నటిగా ఆమె ఎదిగారు. 'గొల్లభామ' (1947)లో కథానాయికగా నిలిచారు.

1949లో వచ్చిన 'మన దేశం'కు శరత్ నవల 'విప్రదాసు' ఆధారం. ఎల్.వి.ప్రసాద్ దర్శకుడు. కథానాయిక, నిర్మాత ఆమే. రామారావుది అందులో పోలీసు అధికారిగా చిన్న పాత్ర. సంగీతం ఘంటసాలది. మా శృంగవరపుకోటకు పొరుగునున్న విజయనగరం సంగీత కళాశాలలో చదువుకున్నవాడని మా వైపువారు ఘంటసాలను సొంతం చేసుకుని మురిసిపోతారు. ఆ తొలినాళ్ళలోనే ఆయనకు చిత్రాన్ని అప్పగించిన నిర్మాత ఎవరంటే తడుముకుంటారు. 'దాంపత్యం' (1957)తో రమేశ్ నాయుడును తెలుగుకు తెచ్చిందీ ఆమే.

'లక్ష్మమ్మ' (1950) మాట మరీ విస్మృతం. అదే ఇతివృత్తంతో అదే ఏట అక్కినేని, అంజలీదేవి జంటగా 'శ్రీ లక్ష్మమ్మ కథ' వచ్చింది. అంతటి పోటీకి వెరవక, గోపీచంద్ దర్శకత్వంలో ఆమె తానే లక్ష్మమ్మగా నటించారు.

ఒక ఆక్షేపణ ఉంది: స్టూడియో భర్త మీర్జాపురం రాజావారిది కదా, ఇందులో ఆమె గొప్పేమిటని. శోభనాచల స్టూడియో అండ ఆమెకున్నది వాస్తవమే. అయితే జమీందారీ సొమ్ముతోనో, తండ్రి ఆస్తితోనో చిత్రాలు తీసిన పురుషుల విషయంలో ఈ తీసివేత లెక్క ఎవరూ వేయరు. కథను, దర్శకుని, కొత్తవారిని ఎంచుకునే వివేకం ధనంతోపాటు దానంతటదే రాదు.

పైగా ఆమె ఒంటరి ఉదాహరణ కాదు. భరణీ సంస్థలో భానుమతి, రాజరాజేశ్వరీ సంస్థలో కన్నాంబ, అంజలీ పిక్చర్స్‌లో అంజలీదేవి భర్తలతో కలిసి చిత్రాలు తీశారు. ఒక తరం నటీమణులు తెలుగు చిత్రసీమలో పెట్టుబడికీ, నిర్ణయాలకూ బాధ్యత వహించారన్నది మన సినిమా చరిత్రలో ఒక అధ్యాయానికి తగిన విషయం. దానిని మనం నటుల జీవితకథలలో ఒక వాక్యంగా కుదించివేశాము.

2004 సంవత్సరపు రఘుపతి వెంకయ్య పురస్కారం ఆమెను వరించింది. గౌరవం దక్కింది, చరిత్ర మాత్రం రాయవలసి ఉంది. మీలో ఎవరి ఇంటనైనా 'మన దేశం', 'లక్ష్మమ్మ' చిత్రాల పాటల పుస్తకాలు భద్రంగా ఉంటే, ఆ పని అక్కడి నుండి మొదలుపెట్టవచ్చును.