కొల్లేరు హద్దును కుదించొద్దు

2020 అక్టోబరు వానలకు హైదరాబాద్‌లో ఆరాంఘర్ దగ్గరి గగన్‌పహాడ్‌లో అప్ప చెరువు తెగింది. నీళ్లు బెంగళూరు హైవేను ముంచెత్తాయి, మనుషులు కొట్టుకుపోయారు. చెరువు శిఖంలో, అంటే నీళ్లు నిలవాల్సిన నేలలో, లేచిన షెడ్లను ఆక్రమణలు తొలగించే సంస్థ హైడ్రా 2024లో కూల్చింది.

నీటి చోటును ఆక్రమించే ఇదే తప్పు ఎన్నో రెట్లు పెద్దగా జరుగుతున్న చోటు ఆంధ్రప్రదేశ్‌లోని కొల్లేరు. కృష్ణా, గోదావరి డెల్టాల నడుమ పల్లంలో నిలిచిన ఈ మంచినీటి సరస్సుకు బుడమేరు, తమ్మిలేరు, డెల్టా మురుగు కాల్వలు నీళ్లు తెస్తాయి. సముద్రానికి దారి ఉప్పుటేరు ఒక్కటే. వరదను పట్టి ఉంచి మెల్లగా వదలడం కొల్లేరు చేసే పని. తుంగ, కిక్కిస మొలిచిన ఆ బురదే చేపలకు పుట్టిల్లు. ఆటపాకలో గూడబాతులకు చెట్లు చాలక, మనుషులు కట్టిన మంచెల మీద గూళ్లు పెట్టుకుంటున్నాయి.

1999లో అయిదో కాంటూరు (సముద్ర మట్టానికి అయిదు అడుగుల ఎత్తు గీత) దాకా 308 చదరపు కిలోమీటర్లను అభయారణ్యంగా ప్రకటించారు. 2002లో అంతర్జాతీయ ప్రాధాన్యమున్న చిత్తడి నేలగా రామ్‌సర్ గుర్తింపు దక్కింది. 2006లో సరస్సును ఆక్రమించిన చేపల చెరువుల గట్లు పేల్చేశారు.

గట్లు మళ్లీ లేచాయి.

అభయారణ్యాన్ని మూడో కాంటూరుకు కుదించాలని 2008లో శాసనసభ తీర్మానించింది. ఆ ప్రతిపాదనను పరిశీలించిన అజీజ్ కమిటీ వద్దంది. కమిటీ మాటే సరైనది. అయిదో కాంటూరు లోపల జిరాయితీ పట్టాలున్న రైతులు ఏళ్ల తరబడి నలుగుతున్నారు. వాళ్లకు పరిహారం వెంటనే ఇవ్వాలి. భూమి మాత్రం సరస్సుకే వదలాలి. 2024 సెప్టెంబరులో బుడమేరు విజయవాడను ముంచింది. ఆ నీళ్లు చివరికి చేరాల్సింది కొల్లేరుకే. ముందుగా ఉప్పుటేరు పూడిక తీయించాలి, అక్రమ గట్లు తొలగించాలి.