మిజునరా చెట్టు ఎవరిది? అనుమతి వేరు, హక్కు వేరు



పసిపిల్లల కోసం ఇళ్లల్లో అరగదీసే మాచికాయ మీకు తెలుసు గదా. సంతలో మూలికలు అమ్మేవాళ్ల దగ్గర గుండ్రంగా, గరుగ్గా ఉంటుంది. నాలుక మీద పెడితే ఒకటే వగరు. పేరుకు కాయే గానీ అది కాయ కాదు. పశ్చిమ ఆసియాలో పెరిగే ఒక రకం ఓక్ చెట్టు కొమ్మలో చిన్న పురుగు గుడ్డు పెడితే, ఆ చోట చెట్టు కట్టే బుడిపె అది. అంటే ఓక్ చెట్టును మనం ఎప్పుడూ చూడకపోయినా, దాని వగరు మన నాలుకకు చిన్నప్పుడే తెలుసు.

ఇవాళ చెప్పబోయేది అదే కుటుంబంలోని ఇంకో చెట్టు గురించి. ఊరు తూర్పు ఆసియా. జపాన్‌లో దాన్ని మిజునరా అంటారు. మిజు అంటే నీళ్లు, నరా అంటే ఓక్. చెక్కలో నీరు ఎక్కువ కాబట్టి ఆ పేరు. జపాన్ కొండల్లో, ముఖ్యంగా ఉత్తరాన ఉన్న హొక్కైడో దీవిలో, ఈ చెట్టు వందల ఏళ్లు బతుకుతుంది.

ఈ మధ్య దీని పేరు ప్రపంచమంతా మోగుతోంది. ఎందుకు? విస్కీ వల్ల! రెండో ప్రపంచ యుద్ధం రోజుల్లో బయటి దేశాల నుంచి పీపాలు రావడం ఆగిపోతే, జపాన్ విస్కీ కంపెనీలు దిక్కులేక ఈ చెక్కతో పీపాలు చేశాయి. మొదట్లో తిట్టుకున్నాయి కూడా. చెక్క వంకర, పీపా కారుతుంది. కానీ దశాబ్దాలు ఊరిన తర్వాత అందులోంచి గంధం చెక్కలాంటి, అగరులాంటి వాసన వచ్చింది. ఇక చూడండి మోజు. మిజునరా పీపాలో ఊరిన సరుకు కూడా కలిసిన 55 ఏళ్ల జపాన్ విస్కీ సీసా ఒకటి 2020లో హాంకాంగ్ వేలంలో సుమారు 62 లక్షల హాంకాంగ్ డాలర్లకు పోయింది. మన లెక్కలో ఆరు కోట్ల రూపాయలకు దగ్గర. ఒక్క సీసా!

ఇక్కడొక చిన్న లెక్క వెయ్యండి. పీపాకు పనికొచ్చే మిజునరా సాధారణంగా 200 ఏళ్ల చెట్టు. ఇవాళ హొక్కైడోలో కొట్టిన 200 ఏళ్ల చెట్టు ఎప్పుడు మొలిచింది? 1820ల్లో. అప్పటికి హొక్కైడో అనే పేరే లేదు. ఆ పేరు పెట్టింది 1869లో. అంతకుముందు అది ఐను ప్రజల నేల. ఐను అంటే వాళ్ల భాషలో మనిషి. మన కోయతూర్ అన్న మాటకు ఉన్న అర్థమే.

అంటే ఆ సీసా వెనకున్న చెట్టు మొలకగా ఉన్నప్పుడు, దాని చుట్టూ తిరిగింది ఐను అమ్మమ్మలు, తాతలు. మరి ఇవాళ ఆ చెట్టు మీద ఐనులకు ఉన్న హక్కు ఎంత?

ఆ ప్రశ్న కోసమే ఇదంతా రాస్తున్నాను.

ఆ గింజ ఎవరెవరికి అన్నం

మిజునరాకు శరదృతువులో కాయలు రాలతాయి. నెత్తిన చిన్న గిన్నె టోపీ పెట్టుకున్నట్టుండే గింజ. అందులో పిండి ఉంటుంది, వగరు కూడా ఉంటుంది. ఐనులు వాటిని ఏరి, తొక్క తీసి, నీళ్లు మార్చి మార్చి ఉడకబెట్టి వగరు తీసేవాళ్లు. ఎండబెట్టి చలికాలానికి దాచుకునేవాళ్లు. జపాన్‌లో వేల ఏళ్ల కిందటి జొమోన్ కాలపు జనం కూడా ఇట్లాంటి గింజలే తిన్నారని తవ్వకాల్లో బయటపడింది. కొరియాలో ఇప్పటికీ ఓక్ గింజల పిండితో తొటొరిముక్ అనే జెల్లీ చేసుకుని ఇష్టంగా తింటారు.

మనకు ఇది కొత్తేం కాదు. చేదు దుంపలను చీల్చి పారే వాగులో పెట్టి చేదు పోగొట్టే తెలివి మన పెద్దలది. మామిడి టెంకను నానబెట్టి, దంచి, అంబలి కాసే తెలివి మన అమ్మలది. బయటోళ్లు దాన్ని చూసి "పాపం, తిండి లేక తింటున్నారు" అన్నారు. ఐనులను చూసి కూడా అట్లాగే అన్నారు. విషాన్ని తిండిగా మార్చడం శాస్త్రం గాకపోతే ఇంకేంటి?

అడవిలో ఆ గింజ కోసం చూసేది మనుషులే కాదు. చుంచెలుకలు, ఉడతలు, జే పిట్టలు వాటిని ఏరుకుపోయి నేలలో దాస్తాయి. మర్చిపోయినవి మొలుస్తాయి. అట్లా చెట్టు కొండెక్కుతుంది. చుంచెలుక సంగతి ఇంకా వింత. జపాన్ శాస్త్రజ్ఞులు చూశారు: అలవాటు లేని ఎలుకకు ఒక్కసారిగా ఈ గింజలే పెడితే వగరు విషమై చచ్చిపోతుంది. కొద్దికొద్దిగా తింటూ అలవాటు పడిన ఎలుక బతుకుతుంది. దాని లాలాజలం, పేగులోని సూక్ష్మజీవులు ఆ వగరును తట్టుకునేట్టు తయారవుతాయి. అడవితో బతకడం అంటే ఇదే. ఒక్క రోజులో వచ్చేది కాదు.

ఎలుగుబంటి చలికాలం నిద్రకు ముందు ఈ గింజలు తిని కొవ్వు పట్టిస్తుంది. కానీ చెట్టు ఏటా ఒకేలా కాయదు. ఒక ఏడు విరగకాస్తుంది, ఇంకో ఏడు మొండిచెయ్యి చూపిస్తుంది. 2023లో ఉత్తర హోన్షు కొండల్లో బీచ్, ఓక్ గింజలు సరిగా కాయలేదు. ఎలుగులు ఊళ్ల మీద పడ్డాయి. ఆ ఆర్థిక సంవత్సరంలో జపాన్ మొత్తం మీద 219 మంది ఎలుగు దాడులకు గురయ్యారు. కొండ మీద గింజ తక్కువైతే కింద ఊళ్లో తలుపులు మూసుకోవాల్సి వస్తుంది. ఇప్పపువ్వు రాలే రోజుల్లో చీకటితో అడవికి పోయే మన అక్కలకు ఎలుగు సంగతి వేరే చెప్పాలా?

"రక్షణ" పేరుతో ఏం చేశారు

ఐనులకు కొటాన్ అంటే ఊరు. ఇవొర్ అంటే ఆ ఊరు వేటాడే, ఏరుకునే, చేపలు పట్టే అడవీ ఏరూ. పట్టా కాగితం లేదు. కానీ ఏ ఇవొర్ ఎవరిదో ఏ కొటాన్‌కైనా తెలుసు.

1869లో జపాన్ ప్రభుత్వం వలస కార్యాలయం తెరిచింది. 1876లో ఐనుల విషపు బాణాల వేటను నిషేధించింది. ఏళ్లు గడిచేకొద్దీ నదుల్లో సాల్మన్ చేప పట్టడాన్నీ నేరం చేసింది. 1877 భూమి పట్టాల నిబంధనల్లో ఐనులు కాపురముంటున్న నేలను సైతం ప్రభుత్వ భూమి కింద రాసుకుంది. ఎవరూ లేని బంజరు అన్నారు. ఇంట్లో పొయ్యి మండుతుండగానే ఇల్లు బంజరైపోయింది!

ఇప్పుడు రెండు చట్టాలు పక్కపక్కన పెట్టి చూడండి.

1897 చట్టం: బయట నుంచి వచ్చి సాగు చేసేవాళ్లకు ఒక్కొక్కరికి 15 లక్షల త్సుబోల దాకా. అంటే సుమారు 1,225 ఎకరాలు.

1899 చట్టం: ఐను కుటుంబానికి 15 వేల త్సుబోల దాకా. అంటే సుమారు 12 ఎకరాలు. అదీ వ్యవసాయం చేస్తేనే. 15 ఏళ్లలో సాగులోకి తేకపోతే వెనక్కి లాక్కుంటారు.

వందకు ఒకటి. ఇది నా మాట కాదు, వాళ్ల చట్టాల్లోని అంకెలే. ఆ రెండో చట్టం పేరు ఏంటో తెలుసా? "హొక్కైడో మాజీ ఆదివాసుల రక్షణ చట్టం". మాజీ ఆదివాసులట! సొంత నేల మీద నిలబడ్డ మనిషిని "మాజీ" అని రాసి, దానికి రక్షణ అని పేరు పెట్టారు. ఆ చట్టం 1997 దాకా బతికే ఉంది.

అడవి ఏమైంది మరి? హొక్కైడో ఓక్ రైలు పట్టాల కింద స్లీపర్లయింది. ఒతారు రేవు నుంచి ఓడలెక్కి యూరప్‌లో బల్లలు, కుర్చీలయింది. గింజ ఏరుకునే చేతికి కత్తెర పడింది, గొడ్డలికి లైసెన్స్ దొరికింది.

"మనిషి లేకపోతేనే అడవి బాగుంటుంది" అనేవాళ్లకు

ఈ మాట మన దగ్గర కూడా కోటు వేసుకున్న ప్రతివాడూ అంటాడు. దానికి జపాన్ ఓక్ అడవులే జవాబు చెబుతున్నాయి.

జపాన్ కొండ ఊళ్లలో రైతులు వందల ఏళ్లు ఓక్ చెట్లను 15 నుంచి 30 ఏళ్లకోసారి మొదలు దాకా కొట్టేవాళ్లు. కట్టెలకు, బొగ్గుకు. ఆ దుంగలకు రంధ్రాలు పెట్టి షిటాకె పుట్టగొడుగులు పెంచేవాళ్లు. మొదలు నుంచి మళ్లీ చిగురొచ్చేది. అడవి ముసలిదయ్యేది కాదు, ఎండిపోయేది కాదు. 1960ల తర్వాత గ్యాసూ కిరసనాయిలూ వచ్చాక ఆ అడవులను వదిలేశారు. చెట్లు లావెక్కాయి. అప్పుడేమైంది? లావు మాను అంటే ఇష్టపడే ఒక చిన్న పెంకుపురుగు తనతో ఒక బూజును మోసుకుని చెట్టులోకి దూరింది. ఆ బూజు చెట్టులో నీటి దారులను మూసేస్తుంది. నడి వేసవిలో చెట్టు ఎర్రగా మాడిపోతుంది. హోన్షులో కొండలకు కొండలే ఎర్రబడ్డాయి. ఆ తెగులుకు అందరికంటే తొందరగా లొంగేది మన మిజునరాయే.

నరికితే ఏం కాదని నేను అనడం లేదు. 200 ఏళ్ల చెట్టును పీపా కోసం కొట్టడం వేరు, మొదలు బతికేట్టు కొట్టి చిగురు కోసం ఆగడం వేరు. మొదటిది బజారు తెలివి. రెండోది అక్కడే పుట్టి అక్కడే చావాల్సిన వాళ్ల తెలివి. అడవికి కావలసింది మనుషులను తరిమే కంచె కాదు. తనతో అలవాటు పడిన మనుషులు కావాలి, ఆ చుంచెలుక లాగా.

మ్యూజియం ఇచ్చారు, నది ఇవ్వలేదు

"ఇప్పుడు పరిస్థితి మారింది గదా" అంటారా? మారింది. పోరాటం వల్ల మారింది. 1994లో కయానో షిగెరు జపాన్ పార్లమెంటులో అడుగుపెట్టిన మొదటి ఐను అయ్యారు. ఆయన ఊరు నిబుతాని. ఐనుల పవిత్ర నేల మీద కట్టిన డ్యామ్ మీద ఆయన కోర్టుకెక్కారు. 1997 మార్చి 27న సప్పొరో జిల్లా కోర్టు చెప్పింది: ఐనులు ఆదివాసులే, ఈ భూసేకరణ చట్టవిరుద్ధమే అని. కానీ డ్యామ్ అప్పటికే కట్టేశారు కాబట్టి ఉండనివ్వమంది. తీర్పు గెలిచింది, నేల మునిగింది. గోదావరి ఒడ్డున ఉన్నవాళ్లకు ఈ వాక్యం విడమర్చి చెప్పక్కర్లేదు.

2019లో కొత్త చట్టం ఐనులను ఆదివాసులుగా గుర్తించింది. 2020లో షిరావొయిలో పెద్ద జాతీయ మ్యూజియం తెరిచారు. అందులో పనిచేస్తూ తమ భాష నేర్చుకుంటున్న ఐను యువత ఉంది. దాన్ని నేను చిన్నచూపు చూడను. కానీ చట్టం లోపల చూడండి. జాతీయ అడవుల్లో ఐనులు సంస్కృతి కోసం అటవీ ఉత్పత్తులు తెచ్చుకోవచ్చు. ఎట్లా? మున్సిపాలిటీ ఒక ప్రణాళిక రాయాలి, దాన్ని ప్రధానమంత్రి ఆమోదించాలి. పండుగకు, కళకు అయితే సరే. బతుకుతెరువుకు? సామూహిక భూమి హక్కు ఆ చట్టంలో లేదు. నది మీద హక్కూ లేదు. ఉరహొరో ప్రాంతపు ఐనులు 2020లో "మా నదిలో సాల్మన్ పట్టుకునే హక్కు మాది" అని కేసు వేస్తే, 2024 ఏప్రిల్‌లో సప్పొరో జిల్లా కోర్టు కొట్టేసింది.

చెట్టు పేరు చెప్పి సీసా అమ్ముకోవచ్చు. చెట్టు కింద గింజ ఏరడానికి మాత్రం ఫైలు కదలాలి. ఇదీ గుర్తింపు!

ఇప్పుడు మన సంగతి

ఓక్ ఆకు తినే పట్టుపురుగు జపాన్‌లో ఉంది, చైనాలో ఉంది. వాటికి స్వయానా చుట్టం మన మద్ది చెట్ల మీద ఉంది. మహదేవ్‌పూర్, చెన్నూరు అడవుల దసలి పట్టు అదే. ఆ గూడు ఎవరిది? 2006 అటవీ హక్కుల చట్టం తీయండి. చిన్న తరహా అటవీ ఉత్పత్తుల జాబితాలో వెదురు, తేనె, తునికాకుతో పాటు దసలి, పట్టుగూళ్లు పేరు పెట్టి రాసి ఉన్నాయి. సెక్షన్ 3(1)(సి)లో ఉన్న మాట యాజమాన్య హక్కు. ఏరుకునే, వాడుకునే, అమ్ముకునే హక్కు. అనుమతి అని రాయలేదు.

ఐనులు వందేళ్లకు పైగా కొట్లాడినా దొరకని మాట మన చట్టంలో ఉంది. కానీ చట్టంలో ఉండటం వేరు, మన గూడెంలో ఉండటం వేరు. సామూహిక హక్కు పత్రం లేని గూడేలు ఎన్ని ఉన్నాయో మీకు తెలుసు. పత్రం వచ్చినా చెక్‌పోస్టు దగ్గర ఆపేవాడు ఉన్నాడు. ఆపిన ప్రతిసారీ మనం "సార్, ఈ ఒక్కసారికి" అంటే, మన హక్కును మనమే అనుమతిగా మార్చినట్టు.

కాబట్టి మూడు పనులు చెయ్యండి. మీ గ్రామసభ సామూహిక హక్కుల దరఖాస్తు పెట్టిందా లేదా అడగండి. మీ అమ్మమ్మ దగ్గర కూర్చుని, ఏ చెట్టు ఏ నెలలో ఏమిస్తుందో, చేదు ఎట్లా తీయాలో, ఎంత వదిలెయ్యాలో రాసుకోండి. అది రేపు దరఖాస్తుకు సాక్ష్యం కూడా. మూడోది, ఎవరైనా మన సంస్కృతి బాగుందని స్టేజీ ఎక్కించి డప్పు కొట్టమంటే కొట్టండి. దిగాక అడగండి: అడవి సంగతేంటి?

నిబుతానిలో ఐనులు విరాళాలతో అడవిని ముక్క ముక్కగా కొని, స్థానిక చెట్లు మళ్లీ నాటుతున్నారు. తమ సొంత అడవిని తామే డబ్బిచ్చి కొనుక్కుంటున్నారు! నాటినవాళ్లు ఆ చెట్లను ముదురు మానులుగా చూడలేరు. అయినా నాటుతున్నారు.

మనకు ఇంకా కొనుక్కునే గతి పట్టలేదు. పట్టకముందే లేద్దాం.

జోహార్ ఐను అమ్మమ్మలకు. జల్, జంగల్, జమీన్ మనవే.