సంపాదకుని మాట: కెర్నెల్ దాకా చదువుదాం



2024 జూలై 19న శంషాబాద్ విమానాశ్రయంలో కొందరు ప్రయాణికులకు పెన్నుతో రాసిన బోర్డింగ్ పాసులు ఇచ్చారు. కారణం, సైబర్ భద్రతా సంస్థ క్రౌడ్‌స్ట్రైక్ పంపిన ఒక లోపభూయిష్టమైన అప్‌డేట్ ప్రపంచమంతటా దాదాపు 85 లక్షల విండోస్ కంప్యూటర్లను పడగొట్టింది. భద్రత కోసం పెట్టుకున్న సాఫ్ట్‌వేరే ఆపరేటింగ్ సిస్టమ్‌కు కేంద్రమైన కెర్నెల్‌లో తప్పటడుగు వేసి మొత్తం యంత్రాన్ని ఆపేసింది. ప్రోగ్రామింగ్, అడ్మినిస్ట్రేషన్, సెక్యూరిటీ మూడు కోర్సులుగా అమ్ముడవుతున్నా, పనిలో మూడూ ఒకటేనని ఆ రోజు తేలిపోయింది. ఈ సంచికను నడిపించే ఆలోచన అదే.

మేం బేగంపేటలో ఈ పేజీలు కూరుస్తుంటే, పక్కనే అమీర్‌పేటలో గోడగోడకూ కొత్త కోర్సు బోర్డులు. వాటిని చిన్నచూపు చూడం. ఎన్నో ఇళ్లకు అన్నం పెట్టిన చదువులవి. అయితే కోర్సుల పేర్లు మారినంత త్వరగా ప్రాసెస్, మెమరీ, ఫైల్, పర్మిషన్ మారవు. యూనిక్స్ లోపలి నిర్మాణంపై 1986లో మారిస్ బాక్ రాసిన పుస్తకం అందుకే ఇంకా పనికొస్తోంది. 1987లో ఆండ్రూ టానెన్‌బామ్ తన మినిక్స్ ఆపరేటింగ్ సిస్టమ్ కోడ్‌ను పాఠ్యపుస్తకంలోనే అచ్చువేశారు. అది చదివిన హెల్సింకి విద్యార్థి లైనస్ టోర్వాల్డ్స్ 1991లో లైనక్స్ మొదలుపెట్టాడు. మన స్వేచ్ఛా సాఫ్ట్‌వేర్ సంస్థ 'స్వేచ్ఛ' తెలుగులో తెచ్చిన ఆపరేటింగ్ సిస్టమ్‌కూ ఆ లైనక్సే పునాది.

అందుకే ఈ సంచికలో 'టాప్ టెన్' పుస్తకాల జాబితా లేదు. ఏ పుస్తకాన్ని ఏ దశలో, ఏ అభ్యాసంతో చదవాలో మా రచయితలు చర్చించారు. టెర్మినల్ తెరిచిపెట్టుకుని చదవండి. ఎక్కడ ఆగిపోయారో మాకు రాయండి. రాబోయే సంచికల్లో అక్కడి నుంచే మాట్లాడుకుందాం.