తొంభై ఎనిమిది కిలోల బిడ్డ గేటు దగ్గరా?



పోయిన వారం శాలిబండ వైపు ఒక వలీమాకి వెళ్లాను. ఫంక్షన్ హాల్ గేటు దగ్గర నల్ల టీషర్టు వేసుకుని నా దోస్తు కొడుకు నిలబడున్నాడు. ఆరడుగులు దాటిన ఎత్తు, తొంభై ఎనిమిది కిలోలు. "సలాం చాచా" అని తల దించుకున్నాడు. రాత్రికి ఎనిమిది వందలట. దావత్‌లో లొల్లి చేసేవాణ్ణి మెడ పట్టి బయటికి నెట్టడం వాడి పని. లోపల బిర్యానీ ముందు కూర్చున్నా ముద్ద దిగలేదు.

నేషనల్ బాక్సింగ్ పోటీల్లో మగపిల్లలకు అన్నిటికన్నా బరువైన తరగతి ఒకటుంటుంది. మొదట 91 కిలోలు దాటినవాళ్లది, తర్వాత 92 అయింది, ఇప్పుడు 90. పైన హద్దు లేదు. మూడేసి నిమిషాల మూడు రౌండ్లు. బరువైన తరగతుల్లో దేశం చెప్పుకునే పేర్లు చూడండి. 1982 ఢిల్లీ ఏషియాడ్‌లో బంగారం తెచ్చిన కౌర్ సింగ్ పంజాబ్ ఫౌజీ. 2010 కామన్వెల్త్‌లో బంగారం గెలిచిన పరమ్‌జీత్ సమోటా, హాంగ్‌ఝౌ ఏషియాడ్‌లో కాంస్యం తెచ్చిన నరేందర్ బేర్వాల్ హర్యానావాళ్లు. టోక్యో ఒలింపిక్స్‌లో కుట్లు పడిన మొహంతోనే క్వార్టర్ ఫైనల్ ఆడిన సతీశ్ కుమార్ యూపీ రైతు బిడ్డ.

ఆ సతీశ్‌కి చిన్నప్పుడు బాక్సింగ్ అంటే ఏంటో తెలియదు. కబడ్డీ ఆడేవాడు. ఫౌజ్‌లో చేరాక అతని కదకాఠీ చూసి కోచ్‌లు గ్లవ్స్ తొడిగించారు. అంతే తేడా భాయియో! వాళ్లకు ఆ శరీరాన్ని చూసి రింగ్ గుర్తొచ్చింది. మనకు గేటు గుర్తొస్తుంది.

తాఖత్ మనకు కొత్తా? బార్కస్‌లో నిజాం ఫౌజ్ కోసం వచ్చిన అరబ్బుల ఔలాద్ ఇవాళ్టికీ ఉన్నారు. పాతబస్తీ తాలీమ్‌ఖానాల్లో ఉస్తాద్ చెయ్యి పడితేగానీ పిల్లాడు పహిల్వాన్ అయ్యేవాడు కాదు. అక్కడ దండ్ బైఠక్‌తో పాటు అదబ్ కూడా నేర్పేవాళ్లు. ఇప్పుడు గల్లీకో జిమ్. అద్దం ముందు కండ, ఫోన్‌లో ఫొటో, ఆ తర్వాత ఏ లీడర్ వెనకో, ఏ జమీన్ ఝగడాలోనో నిలబడటం. "పహిల్వాన్" అన్న ఇజ్జత్ గల మాట వింటే ఇవాళ గరీబ్ కిరాయిదారు భయపడుతున్నాడు. ఆ మాటను అంత దిగజార్చింది బయటివాళ్లు కాదు, మనమే.

నిజామాబాద్‌ని చూసైనా సిగ్గుపడదాం. హుసాముద్దీన్ అబ్బా అక్కడ పిల్లలకు బాక్సింగ్ నేర్పే ఉస్తాద్. కొడుకు 2023లో తాష్కెంట్ ప్రపంచ పోటీల్లో 57 కిలోల్లో కాంస్యం తెచ్చాడు. నిఖత్ జరీన్ 2022లో ఇస్తాంబుల్‌లో, 2023లో ఢిల్లీలో ప్రపంచాన్ని గెలిచింది. ఆ అమ్మాయి బట్టల మీద మాట్లాడిన నోళ్లే తర్వాత ముబారక్‌బాద్ చెప్పాయి. ఒక ఉస్తాద్, ఒక మొండి బాప్ ఉంటే జరిగే పని ఇది.

"బాక్సింగ్ జాయిజ్ కాదు కదా" అంటారు కొందరు. నిజమే, మొహం మీద కొట్టొద్దన్న హదీస్ ఉంది. 1987లో మక్కాలో రాబితా ఫిఖ్ అకాడమీ బాక్సింగ్‌ని నాజాయిజ్ అంది. నేను ముఫ్తీని కాను, ఆ మాటను తేలిగ్గా తీసుకోను. కానీ రింగ్‌కి వెళ్లే పిల్లాడికి వినిపించే ఆ హదీస్‌ని గేటు దగ్గర మొహాలు పగలగొట్టే పిల్లాడికి ఎందుకు వినిపించరు? వాడికి గ్లవ్స్ లేవు, రెఫరీ లేడు, గంట లేదు. మీ దిల్ బాక్సింగ్‌కి ఒప్పుకోకపోతే కుస్తీ మ్యాట్ వేయండి. అందులోనూ 125 కిలోల తరగతి ఉంది. ప్రవక్త (స) రుకానాతో కుస్తీ పట్టిన రివాయత్ మీకు తెలిసిందే. ఏదో ఒకటి చేయండి. రెండూ వద్దని బిడ్డను గేటుకి అప్పగించకండి.

సర్కార్‌ని అడగడం మన హఖ్. అడుగుదాం. కానీ ఒక్క వలీమాలో స్టేజీ పూలకీ, మర్ఫాకీ, పటాకులకీ తగలేసే పైసలతో ఒక మొహల్లా పిల్లలకు గ్లవ్స్, పంచింగ్ బ్యాగులు వస్తాయి. దానికి ఏ సర్కార్ ఇజాజత్ కావాలి?

తిరిగి వచ్చేటప్పుడు వాణ్ణి అడిగాను, "బేటా, ఎప్పుడైనా రింగ్ ఎక్కావా?"

"ఎవరు ఎక్కిస్తారు చాచా?" అన్నాడు.

జవాబ్ నా దగ్గర లేదు. మీ దగ్గర ఉంటే ఈ జుమ్మాకి నమాజ్ అయ్యాక మీ మస్జిద్ కమిటీ ముందు పెట్టండి.