ఎక్కడ లోటో అక్కడ

బేస్‌బాల్ ఆటలో ఒక్క స్థానమున ఆరితేరినవానికి దక్కే కీర్తి, పలుచోట్ల అక్కరకు వచ్చినవానికి దక్కదు. ఇది న్యాయమనిపించదు. గిల్ మెక్‌డూగల్డ్ సంగతే చూడండి. 1951 నుండి 1960 వరకు న్యూయార్క్ యాంకీస్ జట్టులో రెండవ బేస్, మూడవ బేస్, ఆ రెంటి నడుమ షార్ట్‌స్టాప్‌గా, ఎక్కడ లోటుంటే అక్కడ నిలిచాడు. ఐదేండ్లు ఆల్‌స్టార్ జట్టుకు ఎన్నికయ్యాడు. అయినా కూపర్స్‌టౌన్ కీర్తిమందిరంలో అతనికి చోటు లేదు.

అంకెలకందని మరొక గుణమూ అతనిలో ఉంది. 1957 మే 7న అతడు కొట్టిన బంతి క్లీవ్‌లాండ్ పిచర్ హెర్బ్ స్కోర్ కంటికి తగిలింది. ఆ కన్ను పోతే ఆటే మానుతానన్నాడు. కన్ను నిలిచింది, స్కోర్ పూర్వపు జోరు మాత్రం తిరిగి రాలేదు. అప్పటికి రెండేండ్ల క్రితమే, 1955లో, సాధన వేళ తగిలిన బంతిదెబ్బకు మెక్‌డూగల్డ్ వినికిడి సన్నగిల్లసాగింది. 1994లో శస్త్రచికిత్స జరిగాక గాని అతడు మరల మనుషుల మాట వినలేదు.