కాలాన్ని వంచే లోహం సరే, తవ్వేవాళ్లేరీ?
ఫాంటసీ నవలాకారుడు బ్రాండన్ శాండర్సన్‌కు బహిరంగ లేఖ

శాండర్సన్ గారూ,

మీ 'మిస్ట్‌బార్న్' వరుసలో మూడో దశ నవలలు రాబోతున్నాయని మీరే ప్రకటించారు. అవి అచ్చుకు వెళ్లేలోపే ఒక విన్నపం మీ చెవిన వేద్దామని ఈ ఉత్తరం.

2006లో వచ్చిన 'ది ఫైనల్ ఎంపైర్'లో మీరు ఏటియం అనే లోహాన్ని కల్పించారు. మిస్ట్‌బార్న్ అంటే లోహాలను మింగి, వాటిని ఒంట్లో మండించి శక్తులు పొందేవాళ్లు. ఏటియం పూసను మింగి మండించుకున్న మిస్ట్‌బార్న్‌కి, ఎదుటివాడు మరుక్షణం ఏం చేయబోతున్నాడో నీడలా ముందే కనిపిస్తుంది. ఆ చూపు నిలిచేది కాసేపే. ఎదుటివాడూ మండించాడంటే ఇద్దరి ఎత్తూ చిత్తే. రెండో నవలలో ఏటియం ఉన్న ప్రత్యర్థి జేన్‌తో ఏటియం లేని నాయిక విన్ తలపడుతుంది. తను వేయబోయే దెబ్బ అతనికి ముందే కనబడుతోందని తెలుసు కాబట్టి, అతను ఎటు తప్పుకుంటున్నాడో చూసి, ఆఖరి క్షణంలో దెబ్బ మళ్లించి గెలుస్తుంది. భవిష్యత్తు చూసేవాడి ఒంట్లోంచే భవిష్యత్తును చదివేసిందన్నమాట. అక్కడ పుస్తకం మూసి మీకు దండం పెట్టాను.

కానీ నన్ను పట్టి ఉంచింది ఆ పోరాటం కాదు, ఏటియం దొరికే హాత్సిన్ గోతులు. పదునైన స్ఫటికాలు నిండిన ఇరుకు చీలికల్లో ఖైదీలు పాకుతారు. చెయ్యి లోపలికి దూర్చి, చర్మం చీరుకుపోతున్నా తడిమి, పూస దాగిన రాతిగుండును లాగాలి. వారానికి ఒకటి తేలేకపోతే చావే. మొదటి నవల నాయకుడు కెల్సియర్ చేతుల నిండా ఉన్న మచ్చలు అక్కడివే. అతని భార్య మేర్ తనకు దొరికింది అతనికిచ్చేసి, తను దెబ్బలకు ప్రాణం విడిచింది. ఆ గోతులను తన గుప్పిట్లో పెట్టుకునే సామ్రాజ్యాధిపతి లార్డ్ రూలర్ ప్రభువంశాలన్నిటినీ ఆడించాడు. అందుకే కెల్సియర్ ఆ స్ఫటికాలను పగలగొట్టినప్పుడు సామ్రాజ్యపు ఆర్థిక వ్యవస్థే కుప్పకూలింది.

శక్తి కన్నా దాని పరిమితులే, దానికి చెల్లించే మూల్యమే కథకు బలమని, మాయాశక్తుల గురించి మీరు రాసిన రెండో సూత్రంలో చెప్పారు. ఏటియం ఆ సూత్రానికి నిలువెత్తు సాక్ష్యం.

2011లో 'ది అల్లాయ్ ఆఫ్ లా'తో రెండో దశ మొదలైంది. అందులో వేన్ బెండల్లాయ్ అనే మిశ్రమలోహాన్ని మండించి, తన చుట్టూ ఒక బుడగలో కాలాన్ని పరుగెత్తిస్తాడు. తుపాకులు పేలుతుంటే ఆ బుడగలో నిలబడి తీరిగ్గా మంతనాలాడతాడు. మరాసి కాడ్మియంతో కాలాన్ని నెమ్మదింపజేస్తుంది. ఎందుకూ కొరగాదనుకున్న ఆ శక్తితోనే దుండగుడు మైల్స్‌ను బుడగలో బంధిస్తే, లోపల కొద్ది క్షణాలు గడిచేసరికి బయట పోలీసులు వచ్చి చుట్టుముట్టేస్తారు. ఎత్తుగడ అద్భుతం. కాదనను. అయితే ఆ లోహాల ముడిఖనిజాన్ని తవ్వేదెవరు? ఎంత వెతికినా నాకు కనిపించలేదు. లేని లోహానికి అంత భయంకరమైన గని కట్టిన మీరు, ఉన్న లోహానికి చిన్న గొయ్యి కూడా తవ్వలేదు.

కాడ్మియం మన లోకంలో నిజంగానే ఉంది, చెరపు చేసింది కూడా. జపాన్‌లో కమియోకా గని నుంచి అది జింజూ నదిలో కలిసింది. తొయామా ప్రాంతంలో ఆ నీటితో పండిన వరి తిన్నవాళ్లలో, ముఖ్యంగా వయసు మళ్లిన ఆడవాళ్లలో, ఎముకలు మెత్తబడి విరిగిపోయాయి. ఆ ఇతాయి-ఇతాయి జబ్బుకు మూలం కాడ్మియమేనని ప్రభుత్వం ఒప్పుకున్నది 1968లో.

ఇది తెలుగువాడికి ఎందుకు పట్టిందంటారా? కృష్ణా నది ఒడ్డున కొల్లూరులో వజ్రాల గనులుండేవి. 17వ శతాబ్దంలో అక్కడ ఆడా మగా, పిల్లా జెల్లా కలిసి దాదాపు 60,000 మంది పని చేసేవారని ఫ్రెంచి వర్తకుడు తావెర్నియే రాశాడు. ఇప్పుడా చోటు పులిచింతల జలాశయం అడుగున ఉంది. కోహినూరు అక్కడే దొరికిందంటారు. దాన్ని ధరించిన రాజుల పేర్లు చెప్పగలం. తవ్విన కూలీల్లో ఒక్కరి పేరూ చెప్పలేం.

కాబట్టి నా విన్నపం ఇదీ. మూడో దశలో మీ లోకం ఇంకా ఆధునికం కాబోతోంది. బెండల్లాయ్, కాడ్మియం అవసరం ఇంకా పెరుగుతుంది. వాటి ముడిఖనిజాన్ని తవ్వే మనిషిని ఒక్కరినైనా మాకు చూపించండి. ఆ మనిషికి ఏ శక్తీ అక్కర్లేదు. నీతిబోధ అసలే వద్దు. హాత్సిన్ గోతుల్లాగే ఆ గని కథకు ఇరుసు కావాలి. అది ఆగితే ఊళ్లో ఒక్క బుడగా లేవకూడదు.

అలాంటి పుస్తకం రాస్తే వచ్చిన రోజే కొంటాను. రాయకపోయినా కొంటాను లెండి, కాకపోతే గొణుక్కుంటూ చదువుతాను.

ఇట్లు,
మీ తెలుగు పాఠకుడు