బయలు ఎవరి ఇంటిలో ఉన్నాడు?



నిజామాబాద్ ఊర పండుగ ఫోటోలు పెట్టి, కింద "బయలు దేవతలు" అని రాసిన మెసేజీలు మన యౌవనస్థుల వాట్సాప్ గ్రూపుల్లో తిరుగుతున్నాయి. దీనికి మేము ఒప్పుకోము.

అసలు బయలు ఎవడు? ఆ మాటకు యజమాని అని అర్థం, భర్త అని కూడా. 1929లో సిరియా తీరాన రాస్ షమ్రా దిబ్బను తవ్వితే ఉగారితు అనే పాత పట్టణము, రాత ఉన్న మట్టి పలకలు బయటపడ్డాయి. వాటిలో బయలు మేఘాల మీద స్వారీ చేసేవాడు. అక్కడ దొరికిన రాతి మీద అతనికి ఒక చేత గద, మరో చేత ఈటె. ఆ ఈటె కర్ర మొక్కలా చిగురించి ఉంటుంది. పైన ఉరుము, కింద పంట అన్నమాట. అషేరాకు గుర్తు చెక్క స్తంభము. మన బైబిలులో దేవతాస్తంభము అని చదివేది దానినే.

కనాను ఐగుప్తు వంటిది కాదు, ఆకాశపు వానను నమ్ముకున్న దేశము (ద్వితీయోపదేశకాండము 11). వాన ఎవరి చేతిలో ఉంటే వాడే దేవుడు. అందుకే ఏలీయా దినములలో చినుకే ఆగిపోయింది. బయలు పని ఏదో, సరిగ్గా అక్కడే అతడు ఓడిపోయాడు.

అయితే హోషేయ దుఃఖము సీదోనువారిని గూర్చి కాదు. ధాన్యము, నూనె ఎవరిచ్చారో మరచిన ఇశ్రాయేలును గూర్చి. గిద్యోను పడగొట్టిన బలిపీఠము కూడా పొరుగువాడిది కాదు, సొంత తండ్రిది.

మన సంగతి చూడండి. మంజీర మీద నిజాంసాగర్ నిండితే పొలము, శక్కర్‌నగర్ ఫ్యాక్టరీ నడిస్తే ఇల్లు. "మాకు అన్నం పెట్టింది ఫ్యాక్టరీయే" అని బోధన్ పెద్దలు ఇప్పటికీ అంటారు. 2015లో అది మూతపడ్డాక కొన్ని ఇళ్లలో ప్రార్థన కూడా ఆగిపోయింది. (పనిపోయినవారు తమకు రావలసినది అడగడము న్యాయము, దానిని మేము తప్పుపట్టము.) ఇప్పుడు ఆ చోట గల్ఫ్ వీసా కూర్చున్నది. వీసా వస్తే సాక్ష్యము, రాకపోతే ఆరు నెలలు మందిరానికి రారు. ఇస్తేనే మొక్కుతాననే ఈ బేరము ఉగారితు రైతుకు బాగా తెలుసు.

మనము బోనము ఎత్తము, అందులో మార్పు లేదు. కాని మన ఇంట చావు జరిగిన రోజున అన్నము వండి తెచ్చేది బోనమెత్తిన ఆ పక్కింటి అక్కే. ఆమె ఫోటో కింద ఆ మాట రాయడానికి మనకు ఏ ప్రవక్త అధికారమిచ్చాడు?

ఆ మెసేజీలు పెట్టినవారు దయచేసి ఈ రోజే తీసివేయండి. శుక్రవారము ఉపవాస కూడికలో హోషేయ 2వ అధ్యాయము చదువుదాము, బైబిళ్లు తెచ్చుకోండి.